చంద్రుడి బొమ్మ వేసిన కవరు

కామారెడ్డి,
జూన్ 27.

పెద్దమ్మా,

నువ్వు పంపిన రాములవ్వ నిన్న వచ్చింది. ఎల్లారెడ్డిలో మొదటి బస్సే ఎక్కిందట. మా దవాఖాన గేటు తీసేసరికి మెట్టు మీద కూర్చుని ఉంది. చీటీ రాయించుకుని, రక్తం ఇచ్చి, డాక్టరమ్మకు చూపించుకుని నా మందుల కిటికీ దగ్గరికి వచ్చేసరికి రెండయింది. షుగరు ఎక్కువే ఉంది. పొద్దున తినే ముందు ఒక గోళీ, రాత్రి తినే ముందు ఒకటి రాశారు.

గురువారం షుగరు వాళ్ల రోజు. నిన్న నూట ముప్పై మంది. ధర్మ దవాఖాన కదా, ఎక్కడెక్కడి నుంచో వస్తారు. కిటికీ వెనక నేనూ దేవరాజ్ సారూ ఇద్దరమే. ఆయన పెద్ద ఫార్మసిస్టు, కూర్చుని రాస్తారు. నేను నిలబడి ఇస్తాను. సాయంత్రానికి పాదాలు నావి కావనిపిస్తుంది.

రాములవ్వ గోళీలు అరచేతిలో పెట్టుకుని చూసింది. "రెండు పూటలయి ఒక్క తీరే ఉన్నయి గద బిడ్డా. ఏసుకున్ననో లేదో నాకెట్ల ఎరుక?" అంది. కవరు మీద రాద్దామంటే ఆమెకు చదువు రాదు. నా సంచిలో స్కెచ్ పెన్నులు ఉన్నాయి. ఒక కవరు మీద సూర్యుణ్ణి, ఇంకో కవరు మీద చంద్రుణ్ణి గీసి, గోళీలు రెండుగా పంచి ఇచ్చాను. కాన్వెంటులో సిస్టర్ టెస్సీ "నోరు తెరవని దానివి, చేత్తోనైనా చెప్పు" అని గోడలకు తగిలించే చార్టులన్నీ నాతో వేయించేది. ఆ చేయి ఇన్నాళ్లకు పనికొచ్చింది.

"మంచిగున్నడు సందమామ" అని రాములవ్వ కవరును కంటి దగ్గర పెట్టుకుంది. అది చూసి వెనక ఉన్న ముగ్గురు తమకూ బొమ్మలు కావాలన్నారు. దేవరాజ్ సార్ "డ్రాయింగు మాస్టరు నౌకరీకి పెట్టుకోకపోయినవా" అన్నారు. ఇంటికి వచ్చి తిని పడుకున్నాను. చాలా రోజుల తర్వాత, పనికొచ్చిన అలసట.

చెవి మిషను పెట్టుకుంటున్నావా?

ఆశ్రిత


ఎల్లారెడ్డి,
జూలై 7.

బిడ్డా ఆశ్రితా,

చెవి మిషను డబ్బలనే ఉన్నది. పెట్టుకుంటే ఈల కొడ్తది. ఫోనుల నువ్వు మాట్లాడితే గాలి లెక్క వస్తది, సెల్లుల అక్షరాలు చీమల తీరు కనబడ్తయి. ముప్పై నాలుగేండ్లు ఊరూరు తిరిగి సూదులేసిన నర్సమ్మకు ఇప్పుడు ఉత్తరాలే దిక్కు. అలసిపోయిన నాడు రెండు ముక్కలు రాయి, చాలు.

రాములవ్వ నీ కవర్లు గల్లీ అంత చూపెట్టింది. బీడీలు చేసే ఆడోళ్లు చాటలు పక్కకు పెట్టి మరీ చూసిండ్రు. కోడలు వనజ "మా అత్తకు గోళీలు ఇచ్చిండ్రా, పెండ్లి పత్రిక ఇచ్చిండ్రా" అన్నది. రాములవ్వ ఊకుంటదా. "నీ పెండ్లి పత్రికకు గింత రంగు గూడ లేకుండె" అన్నది. నాకు వినబడలే, వాళ్ల నోర్లు చూసి తెలుసుకున్న.

నేను గూడ కవరు తిప్పి తిప్పి చూసిన. బాగున్నది. నౌకరీల ఉన్నన్ని రోజులు ఈ ఉపాయం నాకు తట్టలే. ఎర్ర గోళీ పొద్దుగాల, తెల్ల గోళీ మాపటికి అని నోటితోని చెప్పేది. మందు మారి రంగు మారిందంటే మళ్ల ఊరంత తిరిగి చెప్పేది.

గోరువెచ్చని నీళ్లల్ల కాళ్లు పెట్టుకో. పుస్తకం పట్టుకొని కూసుంటవు గద, కూసున్న కాడ ఆ పని గూడ అయితది.

పెద్దమ్మ


కామారెడ్డి,
జూలై 25.

పెద్దమ్మా,

ఇప్పుడు బొమ్మల కవర్లు అందరూ అడుగుతున్నారు. ప్రతి బుధవారం ఇంట్లో కూర్చుని సూర్యుళ్లనూ చంద్రుళ్లనూ గీసి పెట్టుకుంటున్నాను. ఇప్పటికి ముప్పై మందికి ఇచ్చాను. వేళ్లకు రంగు పోవడం లేదు. డాక్టరమ్మ చూసి, బాగుందన్నారు. ఆవిడ ఎవరినీ అలా అనరు.

రాములవ్వ నిన్న వచ్చింది. షుగరు తగ్గింది కానీ అనుకున్నంత కాదు. కవర్లు భద్రంగా తిరిగి తెచ్చింది. సూర్యుడిది ఖాళీయే. చంద్రుడి కవరులో ఏడు గోళీలు మిగిలాయి. ఎందుకు మిగిలాయి అవ్వా అని అడిగితే, "మబ్బులాయె బిడ్డా, ఏం జేస్తం" అంది. వానల మీద నెపం పెడుతోందనుకున్నాను. వరుస గేటు దాకా ఉంది. ఒకాయన కిటికీ చువ్వ మీద చీటీతో కొడుతున్నాడు. "ఒక్కటి కూడా తప్పొద్దు. చంద్రుణ్ణి చూడు, గోళీ వేసుకో. అంతే" అన్నాను. కొంచెం గట్టిగానే అన్నాను. నాకు గట్టిగా మాట్లాడడం రాదని నీకు తెలుసు, అందుకే కాబోలు, అన్నాక నాకే వింతగా అనిపించింది.

ఆమె సరేనని తల ఊపి వెళ్లింది.

లైబ్రరీ నుంచి తెచ్చిన పుస్తకం మూడు వారాలుగా పదకొండో పేజీలోనే ఉంది.

ఆశ్రిత


ఎల్లారెడ్డి,
ఆగస్టు 16.

బిడ్డా,

ముందుగాల ఒక్క మాట. మనిషి బతికే ఉన్నది. ఇగ చదువు.

మొన్న గురువారం పొద్దుగాల రాములవ్వ వాకిట్ల పడిపోయింది. బీడీ ఆకు కత్తిరించుకుంట కూసున్నదట, కత్తెర చేతులనే ఉన్నది. వనజ ఉరికొచ్చి నా భుజం గుంజింది. పోయి చూస్తే ఒళ్లంత చెమట, పిలిస్తే పలుకు లేదు. షుగరు పడిపోయిందని చూడంగనే ఎరుకైంది. పక్కకు పండబెట్టి, చక్కెర తడిపి చెంప లోపల రుద్దిన. కొడుకు భీమేష్ తన ఆటోలనే దవాఖానకు తీసుకపోయిండు. గ్లూకోజు ఎక్కించిండ్రు. నిన్న మాపటికి ఇంటికి వచ్చింది.

తెల్లారేసరికే రెండు గోళీలు ఏసుకున్నదట, ఏం తినకముందే. భీమేష్‌కు భయమైంది, భయంల అరిసిండు. "నీకు మతి తప్పింది, ఇగ గోళీలు ముట్టొద్దు" అన్నడు. డబ్బ బీరువల పెట్టి తాళంచెవి వనజకిచ్చిండు. అరవై ఏండ్ల సంది ఆకు, తంబాకు, తన చేతి లెక్క తానే చూసుకున్న మనిషి. ఇప్పుడు కోడలు గోళీ తెచ్చి నోట్ల ఏస్తే మింగుతున్నది. అన్నం సరిగ్గ తింటలేదు. ఎవలడిగినా ఒక్కటే మాట, "ఆ పిల్ల చెప్పినట్టే ఏసుకున్న."

ఏం చెప్పినవో రాయి.

పెద్దమ్మ


కామారెడ్డి,
ఆగస్టు 20.

పెద్దమ్మా,

రాములవ్వ విషయం డాక్టరమ్మకు తెలియజేశాను. రాత్రి గోళీ మార్చి, షుగరు అంతగా పడిపోని రకం రాశారు. భీమేష్ వచ్చి తీసుకోవచ్చు.

దేవరాజ్ సార్ రిజిస్టరులో 'వృద్ధురాలు మరపు వల్ల రెండు పూటల మందు ఒకేసారి వేసుకుంది' అని రాశారు. నేను సంతకం చేశాను. ఆ వయసులో మరపు సహజం. ఏ పూట ఏది వేసుకోవాలో కవర్ల మీద స్పష్టంగా ఉంది. చెప్పవలసినది చెప్పే ఇచ్చాను.

బొమ్మలు గీయడం మానేశాను. ఎక్కువ పని అవుతోంది.

నేను బాగానే ఉన్నాను.

ఆశ్రిత


ఎల్లారెడ్డి,
ఆగస్టు 25.

బిడ్డా,

నీ ఉత్తరం చదివిన. అది ఉత్తరం గాదు, రిజిస్టరు. అసుంటివి నేను ముప్పై నాలుగేండ్లు రాసిన, చూడంగనే గుర్తు పడ్త.

నిన్న పోయి రాములవ్వ పక్కన కూసున్న. వనజ పనికి పోయింది. "అవ్వా, ఎట్ల ఏసుకున్నవో మొదటి సంది చెప్పు" అన్న. నా చెవుల నోరు పెట్టి చెప్పింది.

రాములవ్వ చీకటి పడంగనే తిని పండుకుంటది. కోడి కూయకముందే లేస్తది. మొదటి గోళీలు తెచ్చిన నాడు అమాస దాటి ఒక్క రోజు. రెండు రోజులు సందమామ కనబడలే, ఏసుకోలే. ఆ తర్వాత మాపటికే పడమట కనబడ్డడు, మాపటికే ఏసుకున్నది. పున్నమి దాక బాగనే నడిచింది. పున్నమి దాటినంక ఆయన రోజు రోజుకు ఆలస్యంగ వస్తడు గద, ఈమె పండుకునే యాళ్లకు ఉండడు. తెల్లారగట్ల లేచి వాకిలి ఊడుస్తుంటె నెత్తి మీద ఉంటడు. "అగో, ఇప్పుడొచ్చిండు" అని అప్పుడు గోళీ ఏసుకున్నది. గంటకు సూర్యుడు పొడిచిండు. రెండోది గూడ ఏసుకున్నది. మబ్బు కమ్మిన నాడు మొత్తానికే ఏసుకోలే. నీ కాడ మిగిలిన ఏడు గోళీలు గవే. "తప్పొద్దు అన్నది గద, అందుకే ఈ పాలి సందమామ కోసం మంచిగ కనిపెట్టుకొని ఉన్న" అన్నది.

ఆమె మతి తప్పలే బిడ్డా. మనకంటే పద్ధతిగ ఏసుకున్నది. ఆమెకు రాత్రి అని నువ్వు చెప్పలే, సందమామ అని చెప్పినవు. నేను గూడ కవరు చూసి బాగున్నదనే అన్న. నాకు గూడ తట్టలే.

ఇంకొకటి రాస్త. ఇది మీ అమ్మకు గూడ చెప్పలే.

చిన్నప్పుడు సెలవులకు వస్తే నా సంచిలకెళ్లి లోటా తీసి ఆడుకునేదానివి. నేను నీళ్లు తాగేది అనుకున్నవు. ఆ లోటాల నేను ఎన్నడు నీళ్లు తాగలే. నౌకరీకెక్కిన రెండో ఏడు, వాంతులు విరేచనాలు జోరుగ ఉండె. ఉప్పు చక్కెర పొట్లాలు పంచుకుంట తిరిగిన. పొట్లం ఒక లోటా నీళ్లల్ల కలిపి తాగియ్యాలె అని చెప్పిన. మాకు ట్రైనింగుల చూపెట్టిన లోటా పెద్దది, లీటరు పడ్తది. బాలవ్వ అని ఒక తల్లి. వాళ్లింట్ల లోటా అంటే పూజకాడ పెట్టే చిన్న చెంబు. అండ్ల సగం గూడ పట్టదు. రెండు దినాలు ఆ చిక్కటి ఉప్పు నీళ్లే తాగిపిచ్చింది. పిల్లగాడు దక్కలే. ఉప్పు వల్లనో, రోగం వల్లనో, నాకు ఇప్పటికి తెల్వదు. నేను వాళ్లింటికి పోయినప్పుడు చెంబు అక్కడనే ఉన్నది, చూసిన.

రిజిస్టరుల 'విరేచనాలు' అని రాసిన. అబద్ధం గాదు. ఊరోళ్లు మాత్రం బాలవ్వనే అన్నరు, నర్సమ్మ చెప్పినట్టు చెయ్యకపోతివి అని. నేను పక్కనే నిలబడ్డ. నోరు తెరవలే. తెల్లారి బజార్ల లీటరు లోటా కొని సంచిల ఏసుకున్న. అప్పటి సంది ఏ ఇంటికి పోయినా ఆ లోటా తీసి, ఇది, ఇంత, అని చూపెట్టి కలిపిపిచ్చిన. బాలవ్వ ఇంటికి మాత్రం మళ్ల పోలే.

రాములవ్వ బతికి ఉన్నది. నా ఇంటికి మూడిండ్ల అవతల కూసొని, తనకు నిజంగనే మతి పోయిందేమో అని ఇప్పుడిప్పుడు తనే అనుమానపడుతున్నది.

పెద్దమ్మ


కామారెడ్డి,
సెప్టెంబరు 5.

పెద్దమ్మా,

నీ ఉత్తరం నాలుగు రోజులు సంచిలోనే పెట్టుకుని తిరిగాను.

సోమవారం డాక్టరమ్మ గదిలోకి వెళ్లాను. చెప్పాలనుకున్నది కాగితం మీద రాసుకుని వెళ్లి, చివరికి ఆ కాగితమే ఆవిడ చేతిలో పెట్టాను. చదివి, కళ్లద్దాలు తీసి, "నేను కూడా చూశాను కదమ్మా, బాగుందన్నాను" అన్నారు. రిజిస్టరులో ఆ వాక్యం నేనే కొట్టేసి, జరిగింది రాసి సంతకం పెట్టాను. దేవరాజ్ సార్ రెండు రోజులు నాతో మాట్లాడలేదు. మూడో రోజు వచ్చి, చంద్రుడి కవర్లు తీసుకున్న నలభై మూడు మంది చీటీలు వెతికి తీసి నా ముందు పెట్టారు. "సగం నువ్వు చెయ్యి ఫోన్లు, సగం నేను చేస్త" అన్నారు. అందరికీ చేశాం. భిక్నూరు నుంచి వచ్చే ఒకాయన, అమావాస్యకు మందు మానాలేమో అనుకున్నానమ్మా అన్నాడు. మిగతా అందరూ రాత్రే వేసుకుంటున్నారు. ఫోన్లు అయిపోయాక గొంతు పోయింది. ఇన్ని మాటలు ఒక్క రోజులో నేనెప్పుడూ మాట్లాడలేదు.

దీంతోపాటు రాములవ్వకు ఒక ఉత్తరం పెట్టాను. నేనే రావాలి. రాలేకపోయాను, సెలవు లేక కాదు. నువ్వు చదివి వినిపించు. మెల్లగా చదువు పెద్దమ్మా, ఆమెకు మాత్రమే.

ఆశ్రిత


రాములవ్వా,

నేను ఆశ్రితను, కామారెడ్డి దవాఖానలో మందులిచ్చే పిల్లను.

నువ్వు మతి తప్పి గోళీలు వేసుకోలేదు. నేను చెప్పినట్టే వేసుకున్నావు. చంద్రుణ్ణి చూసి వేసుకోమన్నాను, చూసి వేసుకున్నావు. రాత్రి తినే ముందు అని చెప్పడానికి నేను ఆ బొమ్మ గీశాను. చంద్రుడు రోజూ ఒకే వేళకు రాడన్న సంగతి నాకు తట్టలేదు. మబ్బులని నువ్వు చెప్పబోయావు. నేను వినలేదు, గట్టిగా మాట్లాడాను. తప్పు నాది. దాని వల్ల నీ ప్రాణం మీదికి వచ్చింది.

మా దవాఖాన రిజిస్టరులో నీకు మరపు అని ముందు రాశాం. అది కొట్టేశాను. ఇప్పుడు అందులో తప్పు నాది అని ఉంది.

నీ గోళీలు నువ్వే వేసుకోగలవు. ఈ మాట మీ ఇంట్లో వాళ్లకు కూడా చెప్పు. నన్ను క్షమించు అవ్వా.

ఆశ్రిత


ఎల్లారెడ్డి,
సెప్టెంబరు 12.

బిడ్డా,

మెల్లగ చదువుమన్నవు. నేను మెల్లగనే చదువుతున్న అనుకున్న.

పొద్దుగాల పదింటికి రాములవ్వ అరుగు మీద కూసొని మొదలు పెట్టిన. 'తప్పు నాది' కాడికి వచ్చి తలెత్తి చూద్దును గద, గల్లీ అంత నన్నే చూస్తున్నది. గోడల మీద తలకాయలు, గడపలల్ల తలకాయలు. ఆకు కత్తిరించేటోళ్ల కత్తెరలు ఎక్కడియి అక్కడనే ఆగినయి. నా గొంతు ఎంత పెద్దగ ఉన్నదో నాకెట్ల తెలుస్తది. వనజ చెయ్యి ఊపి "నర్సమ్మా, బస్టాండు దాక వినబడ్తున్నది" అన్నదట. నేను ఊకె చెయ్యి ఊపుతున్నదనుకొని ఇంకింత మంచిగ చదివిన. ఏమనుకోకు బిడ్డా.

అయిపోయినంక రాములవ్వ ఒడిల ఉన్న ఆకు తీసి పక్కకు పెట్టింది. కొంగుతోని ముఖం తుడుసుకున్నది. నా మోకాలు తట్టి, "మళ్ల చదువు" అన్నది. మళ్ల చదివిన. మధ్యాహ్నం భీమేష్ అన్నానికి వచ్చిండు. "వీనికి గూడ చదువు" అన్నది. మూడోసారి చదివిన. భీమేష్ ఆటో తాళంచెవి వేలికి తిప్పుకుంట నిలబడి విన్నడు, సగంల తిప్పుడు ఆపిండు. లోపటికి పోయి బీరువ తీసి గోళీల డబ్బ తెచ్చి, అవ్వ చాటల బీడీల పక్కన పెట్టిండు. "ఇగ నువ్వే ఏసుకో అమ్మా" అన్నడు, బయటికి పోయిండు. అన్నం మరిచే పోయిండు.

వనజ ఊకుంటదా. "పెండ్లి పత్రిక గూడ ఇన్నిసార్లు చదవలే" అన్నది. ఈ పాలి రాములవ్వ గూడ నవ్వింది. పండ్లు లేని నవ్వు, నాకు చప్పుడుతోని పని లేకుండనే కనబడ్డది.

ఇగ నీకు ఆమె చెప్పుమన్నది రాస్తున్న. ఆమె మాటలు ఆమెయే:

"బిడ్డా, బొమ్మలు ఎందుకు బందు పెట్టినవు? నాకు ఉత్త కవరు ఇచ్చిండ్రు, తెల్లగ. చూస్తె మనసున పట్టలే. సందమామను తీసెయ్యి, ఆయన మాట మీద ఉండడు. మాపటికి నేను రేపటి ఆకు నానేసి గోనెసంచిల చుడ్త. వాన పడ్డా, జెరమొచ్చినా, చుట్టాలొచ్చినా నానేస్త. నానెయ్యకుంటె తెల్లారి పని లేదు. నానేసినంకనే బువ్వ తింట. అది గియ్యి. పొద్దుగాలకు కత్తెర గియ్యి. సూర్యుడు ఉండనీ, మంచిగున్నడు, కాని పక్కన కత్తెర గూడ ఉండాలె. ఇంకొకటి. తప్పు నాది, తప్పు నాది అని గన్నిసార్లు రాయకు. ఒక్కసారి రాస్తె సాలు, మీ పెద్దమ్మ గొంతుకు."

పెద్దమ్మ


కామారెడ్డి,
సెప్టెంబరు 26.

పెద్దమ్మా,

బస్టాండు దాకా వినబడిందని చదివి ఒక రోజంతా అన్నం సహించలేదు. రెండో రోజు ఎందుకో తేలికగా అనిపించింది. ఇంక దాచడానికి ఏమీ మిగల్లేదు కదా.

రాములవ్వ నిన్న వచ్చింది. నా దగ్గర ఇప్పుడు చంద్రుడి కవరు ఒక్కటీ లేదు. ఆకు నానబెట్టడం నేనెప్పుడూ చూడలేదు, బకెట్టు గీశాను. "గిదేంది, బావి చేదనా?" అంది. ఇంకో కవరు తీసుకుని మళ్లీ గీశాను. గోనెసంచి ముడి సరిగా రాలేదని తన వేలితో కిటికీ చెక్క మీద గీసి చూపించింది. దాన్నే దించాను. పక్కన అన్నం గిన్నె. సూర్యుడి పక్కన కత్తెర. "ఇది నాది" అంది. వెనక వాళ్లు విసుక్కున్నారు. దేవరాజ్ సార్ లేచి నిలబడి, "ఆగండి, పని నడుస్తున్నది" అన్నారు. ఆయన నిలబడడం నేను చూడడం మొదటిసారి.

ఇప్పుడు బుధవారం ఇంట్లో ఏమీ గీసి పెట్టుకోవడం లేదు. ఒక్కొక్కరినీ అడుగుతున్నాను, చీకటి పడ్డాక నువ్వు తప్పకుండా చేసే పని ఏది అని. ఒకామె బర్రెను కట్టేస్తానంది. సదాశివనగర్ నుంచి వచ్చే తాత వార్తలు వింటానన్నాడు. గీశాక, ఇది చూసి ఎప్పుడు వేసుకుంటావో నాకు చెప్పు అంటున్నాను. చెప్పేదాకా కవరు చేతికివ్వడం లేదు. రోజుకు ఇరవై మందికి మించి కావడం లేదు. మిగతా వాళ్లకు నోటితోనే చెబుతున్నాను. కాళ్లు అలాగే నొప్పి పెడుతున్నాయి.

పుస్తకం పదమూడో పేజీకి వచ్చింది.

ఇది చెప్పడానికే ఈ ఉత్తరం మొదలుపెట్టాను, ఇంత దూరం వచ్చాను. బాలవ్వ ఇంకా బతికి ఉంటే ఆమె ఊరు పేరు రాయి. నీ జవాబు అందాక వచ్చే మొదటి ఆదివారం నేను ఎల్లారెడ్డి వస్తాను. ఇద్దరం కలిసి వెళ్దాం. లోటా తెచ్చుకో. ఆమెతో ఏం చెప్పాలో నువ్వే చెప్పు, ఎంత గట్టిగానైనా చెప్పు. ఆమె ఏమంటుందో నీకు వినబడదు కదా, నేను పక్కనే ఉండి విని, ఒక్క మాట కూడా తగ్గించకుండా నీకు రాసి ఇస్తాను.

ఆశ్రిత